ఖరీఫ్‌లో కెమేరా

మనకి ఖరీఫ్ అంటే పంట. సలాలా వాళ్ళకి ఖరీఫ్ అంటే ఋతువు. జూన్ నించి సెప్టెంబరు దాకా ధోఫార్ కొండల మీద మంచు తెరలా దిగుతుంది, సన్నటి తుంపర పడుతుంది. చుట్టూ అరేబియా మాడిపోతుంటే అక్కడ మాత్రం పచ్చిక మొలుస్తుంది. మస్కట్ నించి వెయ్యి కిలోమీటర్లు కారులో వెళ్ళి, "అచ్చం మన అరకులోయే!" అని మురిసిపోయి ఫొటోలు దిగే తెలుగు కుటుంబాల్లో మాదీ ఒకటి.

ఆ కొండల్లో పదేళ్ళు యుద్ధం జరిగిందని చాలాకాలం నాకు తెలీదు. 1965లో మొదలైన తిరుగుబాటు ముగిసిందని 1975 డిసెంబరులో ప్రభుత్వం ప్రకటించింది. ఆ సంగతి నాకు చెప్పింది ఒక డాక్యుమెంటరీ, 'సాఅత్ అల్ తహ్రీర్ దక్కత్'. విమోచన గడియ మోగింది అని అర్థం. తీసినావిడ లెబనాన్‌కి చెందిన హేనీ స్రూర్. కెమేరా పట్టినాయన మిషెల్ యూమో. 1971లో ఆ చిన్న బృందం 16 మి.మీ. కెమేరా మోసుకుంటూ, బ్రిటిష్ పైలట్లు నడిపే విమానాల బాంబుల కింద, ఎడారిలో కొండల్లో సుమారు 800 కిలోమీటర్లు నడిచింది. 1974లో ఆ సినిమా కాన్ ఉత్సవానికి వెళ్ళింది. అరబ్బు మహిళ తీసిన చిత్రం అక్కడికి ఎంపికవడం అదే మొదలంటారు.

అది తటస్థమైన సినిమా కాదు. తిరుగుబాటుదారుల పక్షాన నిలబడి తీసింది, ఆ మాట దాచుకోదు కూడా. కానీ నన్ను కదిలించింది తుపాకులు కాదు. బడిలో పిల్లలు, నలుగురిలో నిలబడి మాట్లాడే ఆడవాళ్ళు. 1970లో ఒమన్ మొత్తానికీ మూడే బడులు, పది కిలోమీటర్ల తారురోడ్డు! అలాంటి దేశంలో బడి కనిపించడం చిన్న విషయమా? 1974లో ఒమన్ టెలివిజన్ మొదలయ్యాక ప్రభుత్వ కెమేరాలూ వచ్చాయి. అవి చూపించిన రోడ్లు, ఆసుపత్రులు, బడులు కూడా అబద్ధం కాదు. చరిత్రకి రెండు కెమేరాలూ కావాలి.

మన తెలంగాణ సాయుధ పోరాటం 1951లో ఆగితే, గౌతమ్ ఘోష్ 'మా భూమి' తీసేసరికి దాదాపు ముప్పై ఏళ్ళు గడిచాయి. గొప్ప సినిమానే, కానీ ఆనాటి మనుషుల్ని నటులే చూపించాల్సొచ్చింది.

మరి గల్ఫ్‌కొచ్చిన మన సంగతి? మన దగ్గరున్న వీడియోల్లో పెళ్ళిళ్ళున్నాయి, పుట్టినరోజులున్నాయి. పని లేదు. కరీంనగర్ నించొచ్చి ఇక్కడ ఇరవై ఏళ్ళుగా తాపీపని చేస్తున్న అన్న ఒకాయన నాకు తెలుసు. పనిచోట ఫోను బయటికి తియ్యనివ్వరు. అందుకని ఒక శుక్రవారం ఆయన గదిలో వంట చేస్తుంటే తీశాను. "నన్నెందుకు తీస్తున్నవ్ తమ్మీ, మంచి అంగీ కూడా ఏసుకోలే" అన్నాడు. పప్పు పోపు పెట్టి, సిమెంటు తిన్న వేళ్ళతో గిన్నె దించాడు.

ఆ నాలుగు నిమిషాలూ ఊళ్ళో ఉన్న వాళ్ళమ్మాయికి పంపాను. ఆమె అడిగింది ఒక్కటే: "నాన్న చేతులు ఎప్పటినుంచి అట్లున్నయి?"