మంగమ్మగారి కంటే ముందు భానుమతి

మన పిల్లలకు భానుమతి గారంటే 1984లో వచ్చిన 'మంగమ్మగారి మనవడు'లో బామ్మ. మా ఇంట్లోనూ అంతే. ఆ బామ్మ ముప్పై ఏళ్ల ముందే మూడు భాషల సినిమాకు దర్శకురాలు అని చెబితే మా పిల్లలు నమ్మలేదు. అందుకే ఈ వారం ఆ కథ చెప్పుకుందాం.

1939లో 'వరవిక్రయం'తో భానుమతి సినిమాల్లోకి వచ్చారు. 1943లో పి.ఎస్. రామకృష్ణారావు గారిని పెళ్లి చేసుకున్నారు. 1945లో 'స్వర్గసీమ' ఆవిడకు పెద్ద పేరు తెచ్చింది. ఆ పేరు ఉండగానే దంపతులిద్దరూ భరణీ సంస్థ పెట్టి 'రత్నమాల', 1949లో 'లైలా మజ్ను' తీశారు. దర్శకత్వం భర్తది. మద్రాసు సాలిగ్రామంలో భరణీ స్టూడియో కూడా కట్టారు.

ఇక 1953లో 'చండీరాణి'. తెలుగు, తమిళం, హిందీ మూడింటికీ దర్శకత్వం ఆవిడదే. నటనలో ద్విపాత్రాభినయం, పైగా తన పాటలు తనే పాడుకోవడం. అప్పటికి ఆవిడకు ముప్పై ఏళ్లు నిండలేదు. వేరే నిర్మాత అయితే అంత పని ఒక హీరోయిన్ చేతికి ఇచ్చేవాడా? నాకు నమ్మకం లేదు. కంపెనీ సొంతం కాబట్టే కుర్చీ దక్కింది.

'మిస్సమ్మ' సంగతి మీకు తెలిసిందే. కొంత షూటింగ్ అయ్యాక చక్రపాణి గారితో మాటా మాటా వచ్చి ఆవిడ తప్పుకున్నారు. ఆ పాత్ర సావిత్రి గారికి వెళ్లింది. సొంత సంస్థ ఉన్న మనిషి కాబట్టే అంత ధైర్యంగా లేచి వెళ్లగలిగారని నా ఊహ.

సావిత్రి గారు కూడా దర్శకురాలయ్యారు. 1968లో 'చిన్నారి పాపలు' తీసినప్పుడు ముఖ్యమైన శాఖలు చాలావరకు స్త్రీలకే అప్పగించారు. సంగీతం పి. లీల గారు. కానీ 1971లో 'మూగమనసులు' కథనే తమిళంలో 'ప్రాప్తం'గా సొంతంగా తీసి బాగా నష్టపోయారు. ప్రతిభలో ఎవరూ తక్కువ కాదు. ఒకరి వెనక స్టూడియో, లెక్క చూసే ఇంటిమనిషి ఉన్నారు. రెండోవారికి ఆ ఆసరా లేకపోయింది.

భానుమతి గారు 1982లో పిల్లలతో 'భక్త ధ్రువ మార్కండేయ' కూడా తీశారు. 2005లో కన్నుమూశారు. మన అమ్మాయిల్లో ఎవరైనా సినిమా తీస్తానంటే కెమెరాతో పాటు జమాఖర్చుల పుస్తకం కూడా చేతికివ్వండి. సెలవు.