నోకియా ఫోనులో వామనగుంటలు

2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను విశాఖ దగ్గర తీరం దాటింది. గంటకు దాదాపు 180 కిలోమీటర్ల వేగంతో వీచిన గాలికి కరెంటు స్తంభాలు ఒరిగిపోయాయి, సెల్ టవర్లు మూగబోయాయి. ఆ చీకటి రోజుల్లో చాలామందికి ఫోను మాట్లాడుకునే వస్తువు కాదు. ఛార్జింగు ఉన్నంతసేపే టార్చిలైటు, గడియారం, గేము.

సరిగ్గా అంతకు ముందు నెలలోనే గూగుల్ క్రోమ్‌లో ఓ రాక్షసబల్లి పుట్టింది. నెట్ లేదని చెప్పే పేజీలో నిలబడి ఉంటుంది. కదిలిస్తే చాలు, జెముడు మొక్కల మీంచి దూకుతూ పరుగు లంకించుకుంటుంది. నెట్ పోతే ఆదిమయుగానికి పోయినట్టేనని దాన్ని తయారు చేసినవాళ్ల చమత్కారం. అసలు మొబైల్ గేముల ఆదిమయుగం నెట్ లేకుండానే నడిచింది.

1994లో హాగెనుక్ కంపెనీ తన ఎంటీ-2000 ఫోనులో టెట్రిస్ పెట్టి అమ్మింది. 1997లో నోకియా 6110 వచ్చింది. దాని కోసం ఫిన్లాండ్ ఇంజినీరు తనేలి అర్మాంటో స్నేక్ రాశాడు. ఆలోచన పాతదే. 1976లో అమెరికాలోని గ్రెమ్లిన్ కంపెనీ తెచ్చిన బ్లాకేడ్ అనే నాణేల యంత్రపు ఆట దీనికి పూర్వీకురాలు. నలుపు తెలుపు తెర, నాలుగు దిక్కులకు నాలుగు అంకెల మీటలు ఉంటే పాము పాకుతుంది. రంగుతో, శబ్దంతో, సిగ్నలుతో దానికి పనిలేదు.

2000లో వచ్చిన నోకియా 3310లో మనవాళ్లు పోల్చుకోదగ్గ చుట్టం ఒకటుంది. అడ్డంగా 84, నిలువుగా 48 చుక్కలు మాత్రమే పట్టే ఆ తెర మీద నాలుగు ఆటలుండేవి: స్నేక్ 2, పెయిర్స్ 2, స్పేస్ ఇంపాక్ట్, బంటుమి. ఈ నాలుగోదాన్ని తెరిస్తే రెండు వరసల గుంటలు, వాటిలో గింజలు కనిపిస్తాయి. ఒక గుంటలోవి తీసి వరసగా తలా ఒకటీ వేసుకుంటూ పోవాలి. చింతపిక్కలతో అరుగు మీద ఆడే వామనగుంటలకు ఇది దాయాది. ఆఫ్రికా నుంచి ఆసియా దాకా పాకిన మంకాలా కుటుంబమే రెంటికీ మూలం.

తేడాలు లేకపోలేదు. వామనగుంటల్లో వరసకు ఏడేసి గుంటలు. చేతిలో పిక్కలు అయిపోయాక పక్క గుంట ఖాళీగా ఉంటే, దాని అవతలి గుంటలోవి ఆడినవాళ్ల సొంతం. బంటుమిలో వరసకు ఆరే గుంటలు, చివర ఒక్కొక్కరికీ ఒక ఖజానా. ఆఖరి గింజ ఖజానాలో పడితే మరో ఆట దక్కుతుంది.

తర్వాత జావా గేముల కాలం. తొలినాటి నోకియా రంగుల ఫోన్లలో చాలావాటికి గేము ఫైలు 64 కేబీ దాటితే ఎక్కేది కాదు. నెట్‌లో దించుకోవాలంటే డేటా ఖరీదు. అందుకే విశాఖలో జగదాంబ జంక్షన్ మొదలు గాజువాక దాకా సెల్ షాపులవాళ్లు మెమరీ కార్డుల్లోకి పాటలతో పాటు గేములూ ఎక్కించేవారు. ఒకరి ఫోనులోది బ్లూటూత్‌లో పదిమందికి పాకేది.

యాంగ్రీ బర్డ్స్ (2009), టెంపుల్ రన్ (2011), సబ్‌వే సర్ఫర్స్ (2012) వచ్చినా నెట్ లేకుండా ఆడుకునే పద్ధతి పెద్దగా మారలేదు. బొమ్మలు, దారులు, లెక్కలు అన్నీ ఫోనులోనే ఉండేవి కాబట్టి ఒకసారి దించుకుంటే చాలు. 2016 సెప్టెంబరులో జియో రాకతో డేటా చవకైంది. ఎక్కడో ఉన్న సర్వరుతో క్షణక్షణం మాట్లాడే ఆటలు ఇంటింటికీ చేరాయి. నెట్ అక్కర్లేకపోవడం ఒక ప్రత్యేక గుణమై కూర్చుంది.

అదే ఏడాది ముంబయికి చెందిన గేమ్‌షన్ కంపెనీ లూడో కింగ్ విడుదల చేసింది. మన పచ్చీసు 19వ శతాబ్దం చివర్లో ఇంగ్లండులో లూడోగా మారి, చివరికి ఫోనెక్కి తిరిగొచ్చిందన్నమాట. నెట్ లేకపోయినా ఒకే ఫోను చేతులు మార్చుకుంటూ నలుగురు ఆడుకోవచ్చు. వైకుంఠపాళి కూడా అందులోనే ఉంది.

విశాఖలో ఇలాంటి ఆటలకు గిరాకీ తగ్గకపోవడానికి ఊరి భూగోళమూ కారణమే. ఫిషింగ్ హార్బరు నుంచి రోజుల తరబడి వేటకు వెళ్లే మరబోట్లకు తీరం వదిలిన కొన్ని కిలోమీటర్లకే సెల్ సిగ్నల్ అందదు. ఇటు కొండల్లోనూ అంతే. బైలదిల్లా ఇనుప ఖనిజాన్ని ఓడరేవుకు చేర్చి జపాన్‌కు ఎగుమతి చేయాలని 1960లలో వేసిన కొత్తవలస–కిరండూల్ రైలు మార్గంలో 58 సొరంగాలున్నాయి. అరకు రైలెక్కినవాళ్ల ఫోన్లలో సిగ్నల్ గీతలు వస్తూ పోతూ ఉంటాయి.

అలాంటి ప్రయాణాలకు చదరంగం, సుడోకు చక్కగా పనికొస్తాయి. ఎత్తుకు పైఎత్తు ఫోనే లెక్కకట్టుకుంటుంది. 2014లో ఇటలీ కుర్రాడు గాబ్రియేలె చిరుల్లి ఒక్క వారాంతంలో రాసిన 2048 కూడా ఆ కోవలోదే. కొన్ని గేములు మాత్రం మొదటిసారి తెరిచినప్పుడు మిగతా ఫైళ్ల కోసం నెట్ అడుగుతాయి. వాటిని ఇంట్లోనే ఓసారి తెరిచి, ఏరోప్లేన్ మోడ్‌లో ఆడి చూసుకుని బయల్దేరాలి. నెట్ ద్వారా వచ్చే ప్రకటనలు కూడా ఆ మోడ్‌లో కొత్తగా దిగవు.