బ్రహ్మకమలం

హిమాలయాల్లో సుమారు 3,700 నుంచి 4,600 మీటర్ల ఎత్తున, రాళ్ల వాలుల్లో పెరిగే అరుదైన పూలమొక్క బ్రహ్మకమలం. శాస్త్రీయ నామం సాసురియా ఆబ్వల్లాటా. ఇది పొద్దుతిరుగుడు కుటుంబానికి చెందినది. తామరతో చుట్టరికం లేదు.

దూరం నుంచి రేకుల్లా కనిపించేవి పూరేకులు కావు, పల్చని లేత పసుపు పుచ్ఛాలు (పూలను కప్పి ఉంచే ఆకులు). వాటిని విప్పి చూస్తే లోపల ఊదారంగు చిన్న పూలు ఒత్తుగా ఉంటాయి. ఆ పుచ్ఛాల పొర వెలుతురును లోపలికి రానిస్తుంది, చలిగాలినీ వాననూ అడ్డుకుంటుంది.

జులై నుంచి సెప్టెంబరు దాకా పూస్తుంది. ఉత్తరాఖండ్ రాష్ట్ర పుష్పం ఇదే. చమోలీ జిల్లాలోని పూలలోయ, హేమకుండ్ పరిసరాల్లో కనిపిస్తుంది. కేదార్‌నాథ్, బదరీనాథ్ ఆలయాల్లో పూజకు వాడతారు. విత్తనం కట్టకముందే పూలు కోసేయడం, మందుల కోసం మొక్కలను సేకరించడం దీనికి ముప్పుగా మారాయి. 1982లో తపాలా శాఖ విడుదల చేసిన హిమాలయ పుష్పాల స్టాంపుల్లో ఇదీ ఉంది.

తెలుగు ఇళ్లలో కుండీల్లో పెంచుతూ, రాత్రి విచ్చుకోగానే ఇరుగుపొరుగును పిలిచి చూపించే ‘బ్రహ్మకమలం’ వేరు. అది మెక్సికో, మధ్య అమెరికాలకు చెందిన జెముడు జాతి మొక్క, ఎపిఫిల్లమ్ ఆక్సిపెటాలమ్. తెల్లారేసరికి వాడిపోయే ఆ పూలు ఆకుల్లా చదునుగా ఉండే కాండం అంచున మొగ్గ తొడుగుతాయి.