సరిహద్దు వర్తక స్థావరం: లారమీ కోట, పర్వత వేటగాళ్ళు (1822–1890)

7.0 లక్ష్యాలు

ఈ భాగాన్ని చదివిన తరువాత మీరు:
• పంతొమ్మిదో శతాబ్దపు తొలి దశకాలలో రాకీ పర్వతాలలో బొచ్చుతోళ్ళ వర్తకం ఎలా సాగిందో వివరించగలరు.
• పర్వత వేటగాళ్ళ ఆర్థిక స్థితిని అంచనా వేయగలరు.
• ఒక వర్తక స్థావరం సైనిక స్థావరంగా మారడానికి గల కారణాలను విశ్లేషించగలరు.
• 1851, 1868 ఒప్పందాల ప్రాముఖ్యాన్ని తెలుపగలరు.

7.1 పరిచయం

అమెరికా సంయుక్త రాష్ట్రాలలోని నేటి వ్యోమింగ్ రాష్ట్రంలో లారమీ నది నార్త్ ప్లాట్ నదిలో కలుస్తుంది. ఆ సంగమానికి దగ్గరలో 1834లో ఇద్దరు వర్తకులు దుంగలతో ఒక చిన్న కోట కట్టించారు. తోళ్ళు కొనడానికి, సరుకులు అమ్మడానికి కట్టిన దుకాణం అది. పదిహేనేళ్ళ తరువాత దానిని సైన్యం కొన్నది. మరి కొన్నేళ్ళకు, ఆ మైదానాలు ఎవరివి అన్న ప్రశ్నపై జరిగిన రెండు ఒప్పందాలకు దాని పేరే స్థిరపడింది. ఒక దుకాణం రాజ్యాధికారానికి గుర్తుగా ఎలా మారింది? ఈ భాగంలో మనం జవాబు వెతకవలసిన ప్రశ్న ఇదే.

ముందుగా రెండు విషయాలు గమనించండి. మొదటిది, పేర్ల గురించి. మన పాత పాఠ్యపుస్తకాలలో ఈ దేశపు మూలవాసులను ‘రెడ్ ఇండియన్లు’ అని రాసేవారు. ఆ పేరు వారు పెట్టుకున్నది కాదు. లకోటా, షయాన్, అరాపాహో, క్రో, షొషోనీ మొదలైనవి వేరువేరు భాషలు, వేరువేరు రాజకీయాలు గల జాతులు. అందుచేత ఈ భాగంలో సాధ్యమైనంతవరకు జాతి పేరునే వాడుతున్నాం. రెండవది, కౌబాయ్ సినిమాలు చూసినవారికి పర్వత వేటగాడు అనగానే ఎవరికీ లొంగని స్వేచ్ఛాజీవి గుర్తుకు వస్తాడు. ఆ బొమ్మను కాసేపు పక్కన పెట్టి, అతని అప్పుల ఖాతాను చూద్దాం.

7.2 టోపీ కోసం తోలు

1803లో అమెరికా ప్రభుత్వం ఫ్రాన్స్ నుంచి లూసియానా ప్రాంతాన్ని కొన్నది. అక్కడి ప్రజలను ఎవరూ అడగలేదన్నది గుర్తుంచుకోండి. 1804–06 మధ్య లూయిస్, క్లార్క్‌ల నాయకత్వంలో ఒక బృందం పసిఫిక్ సముద్రం వరకు వెళ్ళి వచ్చింది. పర్వతాల వాగులలో బీవర్లు విస్తారంగా ఉన్నాయన్న వార్తను ఆ బృందం వెంట తెచ్చింది. బృంద సభ్యుడైన జాన్ కోల్టర్ తిరుగు ప్రయాణంలోనే సెలవు తీసుకొని, వేట కోసం మళ్ళీ పర్వతాలకు వెళ్ళిపోయాడు.

బీవర్ నీటిలోనూ ఒడ్డునా బతుకుతుంది. పళ్ళతో చెట్లు కొరికి వాగులకు అడ్డుకట్టలు వేస్తుంది. దాని పైవెంట్రుకల కింద దట్టమైన మెత్తటి నూగు ఉంటుంది. ఆ నూగును అణచి ఫెల్ట్ తయారుచేసేవారు. వానకు తడిసినా ఆకారం చెడని టోపీలకు అది ప్రసిద్ధి. ఐరోపాలోనూ అమెరికా తూర్పు నగరాలలోనూ పెద్దమనిషి తలపై ఆ టోపీ ఉండవలసిందే. రాకీ పర్వతాల వేట అంతా ఈ టోపీ మీద ఆధారపడి ఉండేది.

వేట పద్ధతి సులువుగా కనిపించినా కష్టమైనది. చల్లని వాగులో నడుస్తూ, ఒడ్డు దగ్గర నీటి మట్టానికి కొన్ని అంగుళాల కింద ఉక్కు బోను అమర్చేవారు. దాని గొలుసును లోతు నీటిలో పాతిన గుంజకు కట్టేవారు. పైన ఒక పుల్లకు బీవర్ గ్రంథుల నుంచి తీసిన వాసన పదార్థం పూసేవారు. ఆ వాసనకు వచ్చిన జంతువు కాలు బోనులో పడగానే లోతు నీటిలోకి పరుగెత్తి, బోను బరువుకు పైకి రాలేక మునిగి చనిపోయేది. తోలు ఒత్తుగా ఉండే చలికాలం అటూ ఇటూ, అంటే శరదృతువులోనూ వసంతంలోనూ ఈ పని సాగేది. నడుము లోతు చన్నీటిలో నిలబడి పనిచేసినవారికి కీళ్ళనొప్పులు సర్వసాధారణం.

7.3 వార్షిక సంత, అప్పుల ఖాతా

1822లో విలియం ఆష్లీ సెయింట్ లూయిస్ పత్రికలో ఒక ప్రకటన ఇచ్చాడు. మిస్సోరీ నది పుట్టిన చోటు వరకు వెళ్ళి, ఒకటి నుంచి మూడేళ్ళు పనిచేయడానికి 100 మంది యువకులు కావాలన్నది దాని సారాంశం. జెడిడయా స్మిత్, జిమ్ బ్రిడ్జర్, థామస్ ఫిట్జ్‌ప్యాట్రిక్, విలియం సబ్లెట్ వంటివారు ఆష్లీ బృందాల నుంచే పైకి వచ్చారు. 1823లో అరికరా జాతి వారు ఆష్లీ పడవలపై దాడి చేశారు. నదీమార్గం మూసుకుపోవడంతో అతడు మనుషులను గుర్రాలపై మైదానాల మీదుగా పంపాడు. 1824లో స్మిత్ బృందం సౌత్ పాస్ అనే కనుమను దాటింది. మూలవాసులకు అది ఎప్పటినుంచో తెలిసిన దారి. 1812లో రాబర్ట్ స్టూవర్ట్ బృందం కూడా దానిని దాటింది. అయితే అది వర్తకానికి రాచబాటగా మారింది మాత్రం 1824 తరువాతనే.

1825లో ఆష్లీ కొత్త పద్ధతి ప్రవేశపెట్టాడు. వేటగాళ్ళు ఏడాదంతా పర్వతాలలోనే ఉంటారు. వేసవిలో ముందే నిర్ణయించిన లోయకు సరుకుల బిడారు వస్తుంది. తోళ్ళు అక్కడే ఇచ్చి, మందుగుండు, పొగాకు, కాఫీ, చక్కెర, దుప్పట్లు, సారాయి తీసుకోవాలి. రాండెవూ అనే ఈ సంత 1840 వరకు, దాదాపు ఏటా జరిగింది. వివిధ జాతుల మూలవాసులు, ఫ్రెంచి కెనడియన్లు, మిశ్రమ సంతతివారు అక్కడికి చేరేవారు. బానిసగా పుట్టి తరువాత క్రో జాతి వారితో జీవించిన జిమ్ బెక్‌వర్త్ వంటి నల్లజాతి వేటగాళ్ళు కూడా వచ్చేవారు. వేటగాళ్ళలో అనేకులు మూలవాసి స్త్రీలను వివాహమాడారు. ఆ బంధుత్వం లేకుండా వర్తకమూ లేదు, రక్షణా లేదు.

సంతలో సరుకు ధర సెయింట్ లూయిస్ ధరకు అనేక రెట్లు ఉండేది. కొందరు వేటగాళ్ళు కంపెనీ జీతగాళ్ళు. కొందరు అప్పు మీద బోనులు, గుర్రాలు తీసుకొని తోళ్ళతో తీర్చేవారు. స్వతంత్ర వేటగాళ్ళు అనిపించుకున్నవారు కూడా, సరుకు తెచ్చే వర్తకుడు చెప్పిన ధరకే తోలు అమ్మవలసి వచ్చేది. షావుకారు వద్ద అప్పుకు విత్తనాలు తెచ్చి, కల్లంలోనే పంటను అతనికి కొలిచి ఇచ్చే రైతును మీరు చూసే ఉంటారు. పర్వత వేటగాడి పరిస్థితి అంతకంటే భిన్నం కాదు. ప్రాణం పణంగా పెట్టినవాడు ఒకడు, లాభం మూటగట్టుకున్నవాడు వేరొకడు. ఆష్లీ 1826లోనే వేట వ్యాపారాన్ని స్మిత్, జాక్సన్, సబ్లెట్‌లకు అమ్మివేశాడు. ఆ తరువాత సరుకుల సరఫరా చూసుకున్నాడు.

మీ ప్రగతిని సరిచూసుకోండి
1. వార్షిక సంత పద్ధతి వల్ల ఎవరికి ఎక్కువ లాభం కలిగింది? ఎందుకు?

7.4 కోట నిర్మాణం

లారమీ కోట పుట్టుకే ఈ అప్పుల కథలో ఒక ఘట్టం. 1834లో మసాచుసెట్స్‌కు చెందిన నథానియెల్ వైత్ అనే వర్తకుడు, రాకీ మౌంటెన్ ఫర్ కంపెనీకి సరుకులు అందించే ఒప్పందం కుదుర్చుకొని బయలుదేరాడు. ఆ కంపెనీ భాగస్వాములు విలియం సబ్లెట్‌కు బాకీపడి ఉన్నారు. సబ్లెట్ కూడా సరుకులతో బయలుదేరి, దారిలో వైత్‌ను దాటిపోయాడు. ఆ పరుగులోనే లారమీ నది దగ్గర కొంతమందిని దించి, కోట కట్టమని పురమాయించి ముందుకు సాగాడు. సంతకు అతడే ముందు చేరాడు. కంపెనీ వైత్ సరుకును తిరస్కరించింది. ఆ వేసవిలోనే ఆ కంపెనీ కూడా రద్దయింది. అమ్ముడుపోని సరుకుతో వైత్ మరింత పడమటికి వెళ్ళి, స్నేక్ నది ఒడ్డున ఫోర్ట్ హాల్ అనే వేరొక స్థావరం కట్టుకున్నాడు.

సబ్లెట్, అతని భాగస్వామి రాబర్ట్ క్యాంప్‌బెల్ కట్టించిన కోటకు ఫోర్ట్ విలియం అని పేరు. సుమారు 15 అడుగుల ఎత్తు దుంగల గోడ, మూలల్లో బురుజులు, లోపల గోడల వెంబడి గదులు, మధ్య ఖాళీ జాగా: ఇదీ దాని రూపం. 1837లో అక్కడికి వచ్చిన చిత్రకారుడు ఆల్‌ఫ్రెడ్ జేకబ్ మిల్లర్ గీసిన బొమ్మల వల్లనే ఈ రూపం మనకు తెలుస్తున్నది. 1836 నాటికి కోట అమెరికన్ ఫర్ కంపెనీ వారసుల చేతికి వచ్చింది. దుంగలు పుచ్చిపోవడం, దగ్గరలోనే ఫోర్ట్ ప్లాట్ అనే పోటీ స్థావరం వెలవడం వల్ల, 1841లో పచ్చి ఇటుకలతో కొత్త కోట కట్టారు. దానికి ఫోర్ట్ జాన్ అని పేరు పెట్టినా, ప్రజల నోట నది పేరే నిలిచింది.

7.5 బీవర్ నుంచి బైసన్‌కు

కొత్త కోట కట్టేనాటికే బీవర్ వేట ముగింపుకు వచ్చింది. ఇందుకు రెండు కారణాలు చెప్పుకోవాలి. ఒకటి, పోటీ కంపెనీలు పిల్లా పెద్దా చూడకుండా పట్టడంతో వాగులు ఖాళీ అయ్యాయి. రెండు, నగరాలలో పట్టు టోపీ వాడుకలోకి వచ్చి బీవర్ ధర పడిపోయింది. కొండల్లో ఎంత సాహసం చూపినా నగరంలో మారిన అభిరుచిని వేటగాడు ఆపలేకపోయాడు.

స్థావరం మాత్రం నిలిచింది. బైసన్ అనే అడవి దున్న తోళ్ళ వర్తకం అప్పటికే దానికి ఆధారమైంది. ఈ వర్తకంలో పర్వత వేటగాడి అవసరం తక్కువ. లకోటా, షయాన్ పురుషులు వేటాడి తెచ్చిన తోళ్ళను స్త్రీలు గీకి, పదును చేసి, మెత్తని దుప్పట్లుగా మార్చేవారు. ఒక్కో తోలు వెనుక స్త్రీల రోజుల తరబడి శ్రమ ఉంది. వర్తకుల చిట్టాలలో తోలు ధర కనిపిస్తుంది కాని ఆ స్త్రీల పేర్లు కనిపించవు. మూలవాసుల ప్రాంతాలలో సారాయి అమ్మకాన్ని చట్టం నిషేధించినా, పోటీలో ఉన్న వర్తకులు దానిని దొంగచాటుగా తెచ్చి మారకానికి వాడారు.

7.6 దారి చూపినవారు

పర్వత వేటగాళ్ళు కేవలం తోళ్ళే పోగుచేయలేదు, దారుల జ్ఞానాన్నీ పోగుచేశారు. 1830లో స్మిత్, జాక్సన్, సబ్లెట్ పది బండ్లను పర్వతాల అంచు వరకు నడిపించారు. వెంట ఒక పాడి ఆవు కూడా వెళ్ళింది. ఆ శరత్కాలంలోనే వారు యుద్ధ మంత్రికి లేఖ రాసి, బండ్లు సౌత్ పాస్‌ను సులభంగా దాటగలవని తెలియజేశారు. ఈ లేఖ ప్రాధాన్యం గ్రహించండి. గుర్రం మీద వెళ్ళేవాడు తోలు కోసం వెళ్ళి తిరిగి వస్తాడు. బండి, ఆవు, పిల్లలతో వెళ్ళేవాడు స్థిరపడడానికే వెళతాడు.

1841లో బండ్లతో బయలుదేరిన తొలి వలస బృందాలలో ఒకదానికి దారి చూపినవాడు ఫిట్జ్‌ప్యాట్రిక్. 1843లో దాదాపు వెయ్యి మంది ఒరెగాన్ వైపు సాగారు. లారమీ కోట వారికి విశ్రాంతి మజిలీ. అక్కడ బండి చక్రాలు బాగుచేయించుకొని, అలిసిన ఎద్దులను మార్చుకొని, అధిక ధరలకు పిండి కొనుక్కునేవారు. కాలం మారిందని బ్రిడ్జర్‌కు కూడా అర్థమైంది. 1843లో అతడు లూయీ వాస్కెజ్‌తో కలిసి మరింత పడమటన, వలసదారుల బాట మీద, కమ్మరి కొలిమితో సహా సొంత స్థావరం పెట్టాడు. చదవడం, రాయడం రాని బ్రిడ్జర్ ఆ సంగతిని వేరొకరిచేత ఉత్తరం రాయించి సెయింట్ లూయిస్ వర్తకులకు తెలిపాడు.

కాలిఫోర్నియాలో బంగారం దొరకడంతో రద్దీ వేల సంఖ్యకు చేరింది. 1849 జూన్‌లో ప్రభుత్వం లారమీ కోటను 4,000 డాలర్లకు కొని సైన్యాన్ని దించింది. 1850 ఒక్క ఏడాదే సుమారు 50,000 మంది ఆ దారిన వెళ్ళారు. వారి పశువులు బాట పొడవునా గడ్డిని మేసివేశాయి, వంటచెరకు తరిగింది, బైసన్ మందలు దూరమయ్యాయి, కలరా వ్యాపించింది.

మీ ప్రగతిని సరిచూసుకోండి
2. 1830 నాటి లేఖకు, 1849 నాటి కోట కొనుగోలుకు గల సంబంధాన్ని వివరించండి.

7.7 రెండు ఒప్పందాలు

1851 సెప్టెంబరులో వివిధ జాతులకు చెందిన దాదాపు 10,000 మంది సమావేశానికి వచ్చారు. వారి గుర్రాలకు కోట దగ్గర గడ్డి చాలక, సమావేశాన్ని దిగువన హార్స్ క్రీక్ వద్దకు మార్చారు. అప్పటికి ప్రభుత్వ ప్రతినిధి అయిన ఫిట్జ్‌ప్యాట్రిక్ దీని వెనుక ముఖ్యుడు. షొషోనీలకు దుబాసీగా బ్రిడ్జర్ వచ్చాడు. బాటలు, సైనిక స్థావరాలు ఏర్పరచుకోవడానికి జాతులు అనుమతించాయి. బదులుగా ఏటా 50,000 డాలర్ల విలువైన సరుకులు 50 ఏళ్ళపాటు ఇస్తామని ప్రభుత్వం మాట ఇచ్చింది. సెనేట్ ఆ 50 ఏళ్ళను 10కి తగ్గించింది.

1854 ఆగస్టులో ఒక వలసదారుడి ఆవును ఒక లకోటా వ్యక్తి చంపాడు. లకోటా నాయకుడు కాంకరింగ్ బేర్ నష్టపరిహారం ఇవ్వజూపాడు. అయినా లెఫ్టినెంట్ గ్రాటన్ 29 మంది సైనికులతో వెళ్ళి కాల్పులకు దిగాడు. ఆ నాయకుడు గాయపడి మరణించాడు. గ్రాటన్ దళమంతా హతమైంది. ఆ తరువాతి దశాబ్దాలలో పోరాటాలు తెరలు తెరలుగా సాగాయి.

1868 ఒప్పందం లకోటాలకు బ్లాక్ హిల్స్‌తో కూడిన విశాల భూభాగాన్ని కేటాయించింది. బోజ్‌మన్ బాటపై కోటలను సైన్యం ఖాళీ చేసిన తరువాతే రెడ్ క్లౌడ్ అనే నాయకుడు సంతకం చేశాడు. కాని 1874లో బ్లాక్ హిల్స్‌లో బంగారం బయటపడింది. 1877లో ప్రభుత్వం చట్టం చేసి ఆ కొండలను తీసుకున్నది. 1980లో అమెరికా సుప్రీంకోర్టు అందుకు నష్టపరిహారం చెల్లించాలని తీర్పు చెప్పింది. వడ్డీతో కలిపి అది పది కోట్ల డాలర్లు దాటింది. ఆ జాతులు సొమ్ము తీసుకోవడానికి నిరాకరించాయి. వారు కోరింది భూమిని. లారమీ కోటను సైన్యం 1890లో వదిలివేసింది. నేడది చారిత్రక స్థలంగా రక్షణలో ఉంది. దాని పేరిట జరిగిన ఒప్పందంపై వివాదం మాత్రం ముగియలేదు.

7.8 సారాంశం

లారమీ కోట చరిత్రలో మూడు దశలు కనిపిస్తాయి: బీవర్ తోళ్ళ కాలం, బైసన్ తోళ్ళ కాలం, వలసదారుల, సైన్యపు కాలం. పర్వత వేటగాళ్ళు సాహసులే. కాని వారి జీవితాన్ని నడిపింది దూరపు అంగడి ధర, దగ్గరి వర్తకుడి అప్పు. వారు తెలుసుకున్న దారులే వారి వృత్తిని ముగించాయి, వారికి పిల్లనిచ్చి ఆశ్రయమిచ్చిన జాతుల భూమిని కూడా ప్రమాదంలోకి నెట్టాయి. ఏ వర్తక స్థావరం గురించి చదివినా, అక్కడ ఏమి అమ్మారు అన్న ప్రశ్నతో ఆగిపోకండి. అక్కడికి వెళ్ళే దారి ఎవరి భూమి మీదుగా పోయింది అని కూడా అడగండి.

7.9 నమూనా పరీక్షా ప్రశ్నలు

I. ఈ కింది ప్రశ్నలకు 30 పంక్తులలో సమాధానం రాయండి.
1. లారమీ వర్తక స్థావరం సైనిక స్థావరంగా మారిన క్రమాన్ని చర్చించండి.
2. ‘పర్వత వేటగాడు స్వేచ్ఛాజీవి’ అన్న అభిప్రాయాన్ని విమర్శనాత్మకంగా పరిశీలించండి.

II. ఈ కింది ప్రశ్నలకు 10 పంక్తులలో సమాధానం రాయండి.
1. బీవర్ వేట క్షీణించడానికి కారణాలు.
2. బైసన్ తోళ్ళ వర్తకంలో స్త్రీల పాత్ర.
3. 1851 ఒప్పందం.