బొల్లారం బ్యారకులు ఖాళీ అయిన ఏడాది

మా నేరేడ్‌మెట్‌కు ఎటు చూసినా ఫౌజే. సైనిక్‌పురి, వాయుపురి, తిరుమలగిరి, బొల్లారం. ఈ దిక్కున ఫౌజు లేని నెలలు కూడా గడిచాయంటే పిల్లలు నమ్మరు. 1947 నవంబరు 29న నిజాంతో యథాతథ ఒప్పందం కుదిరింది. మరుసటి ఏడాది మొదట్లో భారత సైన్యం కంటోన్మెంటు విడిచి వెళ్లింది. ఢిల్లీ ప్రతినిధి కె.ఎం.మున్షీ మాత్రం బొల్లారంలో మకాం పెట్టాడు. ఊళ్లలో రజాకార్లు పెచ్చుమీరింది అప్పుడే.

రజాకార్ అంటే స్వచ్ఛంద సేవకుడు. ఎంత మెత్తటి మాట! వాళ్లు మజ్లిస్ ఇత్తెహాదుల్ ముస్లిమీన్ పార్టీ దళం. 1927లో పుట్టిన ఆ పార్టీకి మొదట గొంతునిచ్చింది బహదూర్ యార్ జంగ్. మాటల మాంత్రికుడు. ఏలుబడి నిజాం ఒక్కడిది కాదు, ముస్లింలందరిదీ అనే ‘అనల్ మాలిక్’ వాదం ఆయన కాలానిదే. ఆయన 1944లో హఠాత్తుగా పోయాడు. 1946లో లాతూరు వకీలు ఖాసిం రజ్వీ చేతికి మజ్లిస్ వచ్చాక ఆ వాదానికి తుపాకీ తోడైంది. రజాకార్లు ఊరివాళ్లను కాల్చి చంపిన భైరాన్‌పల్లి బురుజు సంగతి వేరే చెప్పాలా? జీపు చప్పుడైతే జొన్నచేలోకి పరుగెత్తేదాన్నని జనగామ దిక్కు మా నాయనమ్మ చెప్పేది. ఇండియాలో కలవమని రాసిన ‘ఇమ్రోజ్’ సంపాదకుడు షోయబుల్లాఖాన్‌ను 1948 ఆగస్టులో కాచిగూడలో నరికేశారు. అతనూ ముస్లిమే.

సెప్టెంబరు 13న బయలుదేరిన భారత సైన్యం ముందు అయిదు రోజులు నిలవలేదు ఆ బలగం. రజ్వీ జైలుకు పోయాడు. తర్వాత సామాన్య ముస్లింల మీద పడిన కత్తి గురించి మనవాళ్లు గొంతు తగ్గించి మాట్లాడతారు. విచారణకు ఢిల్లీ పంపిన సుందర్‌లాల్ కమిటీ వేసిన లెక్క 27 వేల నుంచి 40 వేల ప్రాణాలు.

1957లో విడుదలైన రజ్వీ పాకిస్తాన్ వెళ్తూ మజ్లిస్‌ను అబ్దుల్ వాహెద్ ఒవైసీకి అప్పగించాడు. పార్టీ ఓట్ల దారి పట్టింది. 1984 నుంచి హైదరాబాదు ఎంపీ సీటు ఆ ఇంట్లోనే ఉంది, మొదట సలావుద్దీన్, 2004 నుంచి అసదుద్దీన్. మా మల్కాజిగిరి వైపు ఆ పార్టీ ఏనాడూ గెలవలేదు. ‘రజాకార్’ అన్న తిట్టు మాత్రం ఏ ఎన్నికలొచ్చినా మా సందుల్లోకీ వస్తుంది.

క్రాస్‌రోడ్స్ దగ్గర మా దర్జీ చాచాకు ఆ మాట గిట్టదు. “మా నాయన ఫౌజోళ్ల వర్దీలు కుట్టేటోడు బేటా. ఫౌజు పోయింది, పని పోయింది. మళ్లొచ్చినప్పుడు భయంతోటి పదిరోజులు దుకాణం తెరవలే. తెరిస్తే మొదటి గిరాకీ ఓ సుబేదార్. ప్యాంటు పొట్టి చేయమన్నాడంట.”