పరాయి నోట పలికే రెండవ మనిషి: ద్వంద్వవ్యక్తిత్వ భయానక చిత్రాలు, ఉత్తర తెలంగాణ శిగం

ఒకే దేహంలో ఇద్దరు మనుషులున్నారని చూపవలసి వచ్చినప్పుడు మన భయానక చిత్రాలు వేషాన్ని, చూపును, నడకను మార్చాయి. వీటితోపాటు భాషను కూడా మార్చాయి. ఇక్కడ ప్రధానంగా చర్చించదగినది ఈ చివరి అంశమే.

ఫాజిల్ దర్శకత్వంలో 1993లో వచ్చిన మలయాళ చిత్రం 'మణిచిత్రతాళ్' ఈ పరంపరకు మూలం. మధు ముట్టం రచించిన ఈ కథలో గంగ అనే వివాహిత తనను పూర్వకాలపు నర్తకి నాగవల్లిగా భావించుకుంటుంది. నాగవల్లిది తంజావూరు. కనుక గంగలోని రెండవ మనిషి తమిళం మాట్లాడుతుంది. ఈ పాత్ర పోషణకు శోభనకు జాతీయ ఉత్తమ నటి పురస్కారం లభించింది. పి. వాసు ఇదే కథను కన్నడంలో 'ఆప్తమిత్ర' (2004)గా, తమిళంలో 'చంద్రముఖి' (2005)గా తీసినప్పుడు నర్తకి తెలుగు వనిత అయింది. ఆమె పాట తెలుగులో సాగింది. 'చంద్రముఖి' తెలుగులోకి అనువాదమైనప్పుడు చిక్కు వచ్చింది. తెలుగు ప్రేక్షకునికి తెలుగు పలికే నర్తకి పరాయిది కాదు. అందువల్ల ఆ పాట తమిళానికి మారింది! హిందీ 'భూల్ భులయ్యా' (2007)లో ఆమె బెంగాలీ నర్తకి. కథ ఒక్కటే, రుగ్మత ఒక్కటే. రెండవ మనిషి మాత్రం ప్రతిసారీ పొరుగు భాష నుండే వచ్చింది.

పురుష పాత్రల విషయంలో ఈ పద్ధతి కనిపించదు. శంకర్ 'అపరిచితుడు' (2005)లో ఒకే పురుషునిలోని మూడు వ్యక్తిత్వాలూ ఒకే భాష మాట్లాడతాయి. వాటిలో ఒకటి గరుడపురాణం ఆధారంగా శిక్షలు వేస్తుంది. పురుషునిలోని రెండవ మనిషి తీర్పు చెబుతాడు, స్త్రీలోని రెండవ మనిషి పగ చెబుతుంది. ఈ తేడా యాదృచ్ఛికమనుకోవడం కష్టం. 1952 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం ఇచ్చే 'ఎ' ధ్రువపత్రం ఈ తేడాను పట్టించుకోదు. భారతీరాజా 'ఎర్ర గులాబీలు'లోని హంతకుని వంటి వాడు పెద్దలకు మాత్రమే తగినవాడవుతాడు. తనకు తెలియకుండానే చికిత్సకు లోనైన స్త్రీ కథను మాత్రం కుటుంబాలు పిల్లలతో సహా చూశాయి.

ఈ పరాయితనం ఎంతవరకు సహజమో తెలుసుకోవడానికి చెన్నూరు వంటి ప్రాంతం ఉపకరిస్తుంది. 2016 వరకు ఆదిలాబాద్ జిల్లాలో, ఇప్పుడు మంచిర్యాల జిల్లాలో ఉన్న ఈ గోదావరి తీర పట్టణానికి తూర్పున ప్రాణహిత, దాని ఆవల మహారాష్ట్రలోని సిరోంచ ఉన్నాయి. తెలుగు, ఉర్దూ, మరాఠీ, గోండి కలిసి బ్రతికే నేల ఇది. ఇక్కడ పొరుగు భాష దయ్యం భాష కాజాలదు.

ఉత్తర తెలంగాణలో మల్లన్న, ఎల్లమ్మ కొలుపులలో శివసత్తులు శిగమూగుతారు. డోలు మోగుతుండగా దేహం ఒకరిది, మాట మరొకరిది అవుతుంది. ఊరు ఆ మాటకు బెదిరి దాన్ని వెళ్ళగొట్టదు. పసుపు కుంకుమలు పెట్టి, ఏం కావాలో అడిగి, మొక్కు ఒప్పుకుంటుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ 1992లో ప్రచురించిన రోగవర్గీకరణ సైతం మత, సాంస్కృతిక ఆమోదం గల ఆవేశాన్ని రుగ్మతల నుండి మినహాయించింది. అయితే ఈ చిత్రాన్ని మరీ మధురంగా ఊహించుకోరాదు. బాణామతి అనుమానంతో స్త్రీలను హింసించినదీ ఈ ప్రాంతమే. శిగమూగే స్త్రీకి దక్కే గౌరవం కొలువు వరకే పరిమితం కావడమూ కద్దు.

చలనచిత్రంలోని చికిత్స ఇందుకు భిన్నమైనది. వైద్యుడు, మాంత్రికుడు చేతులు కలిపి బొమ్మను శత్రువుగా భ్రమింపజేస్తారు. పగ తీరిందని నర్తకి నమ్ముతుంది. గంగ మెలకువ వచ్చి తన భాషలోకి తిరిగి వస్తుంది, నాగవల్లి తమిళం ఇక వినబడదు. శివసత్తు మాత్రం శిగం దిగాక ఇంటికి వెళ్ళి పొయ్యి వెలిగిస్తుంది, వచ్చే జాతరకు మళ్ళీ ఊగుతుంది.