పోలీసు చిట్టా – ఇద్దరు తెలుగు న్యాయమూర్తులు

పోలీసు ఠాణాలలో హిస్టరీ షీటు అనబడు కాగిత మొకటి కలదు. తరచుగా నేరములు చేయువాడని తలచినవాని పూర్వోత్తరములు, రాకపోకలు అందులో వ్రాయబడును. శిక్షపడినవాని పేరే కాక, అనుమానితుని పేరు కూడ అందు చేరవచ్చును. దానికి కోర్టు తీర్పు అక్కరలేదు. పేరెక్కినవానికి ఆ సంగతియే తెలియకపోవచ్చును. కాని వీధిలో వాని పరువు పోవుటకు, రాత్రివేళ ఒక్క కానిస్టేబులు తలుపు తట్టిన చాలును.

ఈ పద్ధతికి మన ప్రాంతమున చేదు చరిత్ర కలదు. ఉత్తరాదిన 1871లో పుట్టిన నేరస్థ జాతుల చట్టము 1911 నాటి చట్టముతో మద్రాసు రాజధానికి వచ్చెను. ఎరుకలవారు మొదలగువారు పుట్టుకచేతనే నేరస్థులుగ ప్రకటింపబడిరి. బాపట్ల సమీపమున వెలసిన స్టూవర్టుపురము అట్టివారి సెటిల్మెంటే. ఆ ప్రకటన చెల్లదని ఏ కోర్టులోను వాదించు వీలు లేకుండెను. ఆ చట్టము మద్రాసు రాష్ట్రమున 1947లోను, దేశమంతట 1952లోను రద్దయ్యెను.

చట్టము పోయినను చిట్టా పోలేదు. ఉత్తరప్రదేశమున ఖరక్ సింగ్ అనునతడు 1941లో దోపిడీ కేసున పట్టుబడి, సాక్ష్యము లేక విడుదలయ్యెను. అయినను అతనిపై హిస్టరీ షీటు తెరచి, రాత్రులు ఇంటికి వచ్చి లేపుచుండిరి. అతడు సుప్రీంకోర్టు నాశ్రయించెను. 1962 డిసెంబరు 18న ఆ కోర్టు రాత్రి సోదాలను కొట్టివేసి, తక్కిన నిఘాను నిలిపెను.

రాజమహేంద్రవరమున జన్మించి, మద్రాసు హైకోర్టులో వకీలుగను, జడ్జిగను పనిచేసిన కోకా సుబ్బారావుగారు అందులకు సమ్మతింపలేదు. జె.సి. షాగారితో కలిసి, ఆ నిబంధన అంతయు రాజ్యాంగ విరుద్ధమని భిన్నాభిప్రాయము వ్రాసిరి. వెన్నంటి చూచు కన్నులున్నచోట మనిషి స్వేచ్ఛగా తిరుగుచున్నట్లు కాదని వారి భావము. 2017 ఆగస్టు 24న తొమ్మండుగురు న్యాయమూర్తులు గోప్యత ప్రాథమిక హక్కని నిర్ణయించి, ఆ భిన్నాభిప్రాయమే సరియైనదనిరి.

రెండవవారు ఓ. చిన్నపరెడ్డిగారు. 1980లో మాలక్ సింగ్ కేసున, పంజాబుకు చెందిన అన్నదమ్ములిద్దరు తమ పేర్లను నిఘా పుస్తకమునుండి తొలగింపుమని కోరిరి. పేరు చేర్చుటకు ముందు నోటీసు ఇయ్యనక్కరలేదనియు, కాని తగిన ఆధారము లేక కేవలము పోలీసువారి యిష్టముపై చేర్చరాదనియు రెడ్డిగారు తీర్పు చెప్పిరి. ఆధారము లేదని యెవరైన మొరపెట్టుకొన్నచో కోర్టు ఆ కాగితములను తెప్పించి చూడవచ్చును. నిఘా కూడ మనిషి గౌరవమునకు భంగము కలిగింపరాదు. కాగితములు చూచి ఆధారము కలదని తేల్చుటచే ఆ సోదరులు ఓడిరి. అయినను వారి కేసే తరువాతివారికి ద్వారము తెరచెను.

2024 మే 7న ఢిల్లీ కేసొకదానిలో సుప్రీంకోర్టు, నేరముతో సంబంధము లేని పిల్లల వివరములు షీటులో ఉండరాదనియు, వెనుకబడిన వర్గములవారి పేర్లను గ్రుడ్డిగ చేర్చు పద్ధతిని అన్ని రాష్ట్రములు పరిశీలింపవలెననియు చెప్పెను.

పరభాషీయుల నడుమ, మాధవరము వంటిచోట కాపురముండు మనకు ఇరుగుపొరుగువారి నమ్మకమే ఆస్తి. అన్యాయముగ పేరెక్కినచో సిగ్గుపడి ఊరు విడువనక్కరలేదు. పై అధికారికి అర్జీ యిచ్చి, రసీదు దాచుకొని, వారు వినకున్న రాజ్యాంగము 226వ అధికరణము క్రింద హైకోర్టుకు పోవచ్చును. దస్తరముల నడుమ జీవితము గడపిన గుమాస్తాగ నే నెరిగిన దొక్కటే: కాగితముపై వ్రాసినది తనంతట చెరగదు, చెరుపుమని అడుగువాడు ఉండవలెను.